పాత పేటల్లో రెండు గంటల గైడు నడక: చూసినట్టా, చూడనట్టా?

నడకదారి
కొత్త నగరానికి వెళ్ళినప్పుడు పాత పేటల్లో గైడు వెంట రెండు గంటలు తిరిగే నడకలకు వెళ్ళాలా వద్దా అని మా బంధువుల మధ్య పెద్ద వాదన జరిగింది. అక్కడ తేలలేదు కాబట్టి ఇక్కడ పెడుతున్నాను. "రెండు గంటల్లో ఏం తెలుస్తుంది? పుస్తకం చదువుకుని సొంతంగా తిరగడం నయం" అన్నది అవతలివారి మాట. నేను ఒప్పుకోను.

బెర్లిన్ వీధుల్లో కాలిబాట రాళ్ళ మధ్య చిన్న ఇత్తడి పలకలు కనిపిస్తాయి. ఒక్కోటి పొడవూ వెడల్పూ 10 సెంటీమీటర్లే. "ఇక్కడ నివసించారు" అని మొదలై ఒక పేరు, పుట్టిన సంవత్సరం, పట్టుకుపోయిన తేదీ, చివరికి ఏమయ్యారన్నది వాటి మీద చెక్కి ఉంటాయి. నాజీల చేతిలో బలైనవారు తమ ఇష్టంతో నివసించిన చివరి ఇంటి ముందు వీటిని పొదుగుతారు. గుంటర్ డెమ్నిగ్ అనే కళాకారుడు 1992లో మొదలుపెట్టిన పని ఇది. ఇప్పుడు యూరప్ అంతటా కలిపి లక్షకు పైగా ఉన్నాయి. అదే వీధిలో ముందురోజు సాయంత్రం ఒంటరిగా తిరిగితే నాకు ఒక్కటీ కంటపడలేదు. మర్నాడు గైడు ఆగి, మోకాలి మీద కూర్చుని, చేతిరుమాలుతో పలక తుడిచి చదివి వినిపించాక మిగతా వీధంతా నేల చూసుకుంటూనే నడిచాను. ఏ పుస్తకమూ మనల్ని అలా చేయి పట్టి ఆపదు.

రాతిపలక
మీ ఉదాహరణ బాగుంది. కానీ నిజం చెప్పే గైడు దొరకడం మీ అదృష్టం.

ప్రాగ్ పాత పట్టణ కూడలిలో 1410 నాటి ఖగోళ గడియారం ఉంది. దాని ముందు ఆగని నడక లేదు. అక్కడ చెప్పే కథ ఏమిటంటే, గడియారం చేసిన హనుష్ ఇలాంటిది మరో ఊరికి చేసిపెడతాడేమోనని నగర పెద్దలు అతని కళ్ళు పొడిపించారట. అసలు దాన్ని చేసింది కడాన్ ఊరికి చెందిన మికులాష్ అనే గడియారాల నిపుణుడు. యాన్ షిండెల్ అనే ఖగోళ పండితుడు లెక్కలు కట్టాడని చెబుతారు. హనుష్ పేరు చాలా దశాబ్దాల తర్వాత మరమ్మతుల సందర్భంలో వస్తుంది. ఇవన్నీ బయటపడి చాలా ఏళ్ళయింది. అయినా కళ్ళు పొడిచిన కథే నడుస్తోంది. ఎందుకంటే దానికే జనం "అయ్యో" అంటారు.

మా అమ్మాయి ఆ కథనే బడిలో చరిత్రగా చెప్పి తరగతి ముందు తలదించుకోవలసి వచ్చింది. డబ్బిచ్చి అబద్ధం కొనుక్కున్నాం.

చిరుగాలి
పిల్లలతో, పెద్దవారితో వెళ్ళేవారికి రెండు గంటలే ఎక్కువ. కూర్చునే చోటు ఉందో లేదో ముందే అడిగి వెళ్ళండి.

దారిదీపం
నేను ఈ వృత్తిలోనే ఉన్నాను కాబట్టి రాతిపలక గారికి సమాధానం చెప్పాలి.

అండీ, కథ కథగా చెబితే తప్పేమిటి? "ఇలా ఒక కథ ఉంది, కానీ జరిగింది ఇది" అని నేనూ చెబుతాను, నాకు తెలిసిన మంచి గైడ్లందరూ చెబుతారు. ఎడిన్‌బరోలో మేరీ కింగ్స్ క్లోజ్ అనే పాతకాలపు సందు ఉంది. 18వ శతాబ్దంలో దాని మీదే పెద్ద భవనం కట్టడంతో అది నేలకిందికి పోయింది. 1645 ప్లేగులో జబ్బుపడినవారిని లోపలే ఉంచి గోడ కట్టేశారన్న కథ చాలాకాలం ప్రచారంలో ఉండేది. అది నిజం కాదు. రోగులకు ఆహారం, బొగ్గు పంపేవారు, వైద్యుడు వచ్చేవాడు. ఈ నిజం విన్నప్పుడే జనం ఇంకా శ్రద్ధగా వింటారు, నేను చూశాను. తప్పు చెప్పినవారిని తప్పుపట్టండి, నడకను కాదు. లండన్‌లో అర్హత పొందిన గైడ్లకు ఇచ్చే నీలి బ్యాడ్జి కోసం దాదాపు రెండేళ్ళు చదివి పరీక్షలు రాస్తారు. ఆ కష్టం మీకు కనిపించదు.

రాతిపలక
బ్యాడ్జి ఉన్నవారి సంగతి సరే, లేనివారి మాటేమిటి? వాషింగ్టన్‌లో గైడ్లకు పరీక్ష, లైసెన్సు తప్పనిసరి అన్న నిబంధనను 2014లో అప్పీలు కోర్టు కొట్టేసింది, భావప్రకటన స్వేచ్ఛకు విరుద్ధమని. అమెరికాలోనే చార్ల్‌స్టన్‌లో అలాంటి నిబంధననే 2018లో ఫెడరల్ కోర్టు కొట్టేసింది. అంటే ఎవరైనా జెండా పట్టుకుని నిలబడవచ్చు.

దారిదీపం
న్యూ ఓర్లీన్స్ లైసెన్సును 2014లోనే మరో అప్పీలు కోర్టు సమర్థించింది. అది ఎందుకు వదిలేశారు?

మూడో అంతస్తు
నేను ఉండేది ఇలాంటి పాత పేటలోనే. కిటికీ కింద రోజంతా బృందాలు. లౌడ్‌స్పీకర్ పెట్టుకున్న గైడ్లూ ఉన్నారు. నడక మంచిదా కాదా అని అడిగేటప్పుడు అక్కడ ఉండేవారిని కూడా లెక్కలోకి తీసుకోండి.

రాతిపలక
ప్రాగ్ గడియారం విషయం దాటవేయకండి దారిదీపం గారూ. "మంచి గైడ్లందరూ" నిజం చెబుతారన్నారు. అక్కడ ఒక్కరైనా హనుష్ కథ లేకుండా వదిలిపెడతారా?

ఇంకొకటి. బార్సిలోనా గోథిక్ పేటలో రెండు భవనాల మధ్య అందమైన రాతి వంతెన ఉంది. జనం దాని కింద నిలబడి మధ్యయుగాల్లోకి వెళ్ళిపోయినట్టు ఫోటోలు తీసుకుంటారు. అది కట్టింది 1928లో. దగ్గర్లోని చర్చి ముఖభాగం పూర్తయింది 19వ శతాబ్దం చివర మొదలైన పనుల్లోనే. పేటలో సగం మెరుగులు ఆ రోజుల్లో పర్యాటకుల కోసం దిద్దినవే. వంతెన అడుగున కత్తి గుచ్చిన పుర్రె ఒకటి చెక్కి ఉంటే దాని చుట్టూ ఎన్ని శాపాల కథలు అల్లారో!

నడకదారి
రాతిపలక గారూ, 1928 అన్న సంగతి మీకు ఎలా తెలిసింది?

రాతిపలక
చదివి తెలుసుకున్నాను. నేను చెప్పేదీ అదే. చదివితే తెలుస్తుంది.

నడకదారి
వార్సా పాత పట్టణం చూడండి. యుద్ధంలో 85 శాతానికి పైగా నేలమట్టమైంది. 18వ శతాబ్దంలో బెలోటో గీసిన చిత్రాలు కూడా దగ్గర పెట్టుకుని మళ్ళీ కట్టారు. 1980లో యునెస్కో జాబితాలో చేరింది. "కొత్తగా కట్టినది కాబట్టి నకిలీ" అని చదువుకున్నవారు తేలిగ్గా అనేస్తారు. ఆ గోడల ముందు నిలబడి, ఇక్కడివారు తమ ఊరిని ఎందుకు అంత పట్టుదలగా తిరిగి కట్టుకున్నారో ఒక మనిషి నోట వింటే ఆ మాట రాదు. తేదీలు చదివితే తెలుస్తాయి. అది తెలియదు.

వేపచెట్టు
జనం తక్కువుండే రోజున పొద్దున్నే నడకకు వెళ్ళండి. సగం గొడవలు ఉండవు.

దారిదీపం
గడియారం, గడియారం! అసలు బాధ ఎక్కడుందో చెబుతాను వినండి. నడిపేవారి లెక్క వేరు. ఉచితం అని ప్రకటించే నడకల్లో గైడుకు జీతం ఉండదు, వచ్చే టిప్పులే ఆధారం. పైగా చాలాచోట్ల తలకు ఇంత అని గైడే సంస్థకు కట్టాలి. నేను మొదట్లో పనిచేసిన ఒక సంస్థలో ఎవరైనా టిప్పు ఇవ్వకుండా జారుకుంటే ఆ తలకు కట్టాల్సిన డబ్బు నా జేబులోంచి పోయేది. అందుకే బృందాలు 40, 50 మందికి పెరుగుతాయి. అందుకే గొంతు పెంచాలి, అందుకే కళ్ళు పొడిచిన కథ చెప్పాలి. గైడు అబద్ధాలకోరు అని తీర్పు ఇచ్చే ముందు ఆ గైడు పూట ఎలా గడుస్తుందో చూడండి.

మూడో అంతస్తు
లౌడ్‌స్పీకర్ గురించి పైన రాశాను. ఎవరూ పట్టించుకోలేదు. గడియారం ఎవరు చేశారన్నదే అందరికీ ముఖ్యమైంది. సరే, ఇప్పుడు గట్టిగానే రాస్తాను.

మా అమ్మ మంచాన ఉన్న రోజుల్లో మా గుమ్మం మెట్ల మీద ఒక బృందం కూర్చుని ఉంది. డాక్టరు లోపలికి రావడానికి దారి అడగాల్సి వచ్చింది. గైడు చెప్పిన మాట నాకు ఇప్పటికీ వినిపిస్తుంది: "ఒకప్పుడు ఇక్కడ కుటుంబాలు నివసించేవి." మేము లోపలే ఉన్నాం! మా తలుపు మీద చెక్కడం గురించి చెప్పారు, తలుపు వెనక మనుషులున్నారని చెప్పలేదు.

ఊరికే ఏడుస్తున్నానని అనుకోకండి. క్యోటోలోని గియోన్‌లో 2024 నుంచి ప్రైవేటు సందుల్లోకి పర్యాటకులను రానివ్వడం లేదు, వెళితే 10,000 యెన్‌ల జరిమానా అని బోర్డులు పెట్టారు. సియోల్‌లోని బుక్‌చోన్‌లో జనం నివసించే భాగంలోకి సాయంత్రం 5 నుంచి పొద్దున 10 వరకు పర్యాటకులు వెళ్ళకూడదు. వెనిస్‌లో 2024లో బృందానికి 25 మంది అని హద్దు పెట్టి లౌడ్‌స్పీకర్లను నిషేధించారు. ఆమ్‌స్టర్‌డామ్‌లో కిటికీల్లో నిలబడే లైంగిక వృత్తిలోని స్త్రీల ముందు నుంచి టూర్లు నడపడాన్ని 2020లో ఆపేశారు. అన్నిచోట్లా అక్కడివారు ఓర్చుకుని ఓర్చుకుని అడిగితేనే వచ్చాయి ఇవి.

దారిదీపం
మీ అమ్మగారి విషయంలో జరిగింది దారుణం. ఆ గైడు చేసింది నేను సమర్థించను.

కానీ "మేము లోపలే ఉన్నాం" అన్నారు చూడండి, అక్కడే నాకు మండింది. మీరు ఉన్నారు. మేము లేము. మా అమ్మమ్మ ఇలాంటి పేటలోనే పుట్టింది. ఆ ఇళ్ళు కూలేలా ఉన్నప్పుడు ఎవరికీ అక్కర్లేదు. చారిత్రక ప్రాంతం అని గుర్తింపు వచ్చాక మరమ్మతులు చేశారు, అద్దెలు పెంచారు, మావాళ్ళను పంపించేశారు. పారిస్ మారే పేటలో 1960ల నుంచి జరిగిందీ అదే. పాత భవనాలు బతికాయి, వాటిలోని చిన్న పనివారు, అద్దెదారులు చెదిరిపోయారు. ఇప్పుడు మా అమ్మమ్మ ఇంటి ముందు నిలబడి ఆమె సంగతి చెప్పాలంటే నాకున్న దారి ఈ గైడు పని ఒక్కటే. ఎవరి గుమ్మం అని మీరు నన్ను అడుగుతున్నారా?

చిరుగాలి
ఇది ముందే చెప్పి ఉంటే ఇంత రచ్చ అయ్యేది కాదు.

రాతిపలక
సానుభూతి ఉంది. కానీ బాధ ఉన్నంత మాత్రాన చెప్పేది సరైనదై పోదు. అద్దెలు ఏ ఏడాది పెరిగాయి, ఎవరు పెంచారు అన్నది కూడా పత్రాలు చూపి చెప్పాలి. గడియారం విషయంలో నేను అడిగింది ఇదే, ఇక్కడా అదే అడుగుతాను.

నడకదారి
ఇద్దరికీ ఒక మాట. టొరంటోలో 2007లో, నగరాల గురించి రాసిన జేన్ జాకబ్స్ అనే రచయిత్రి పేరు మీద మొదలైన నడకలు ఇప్పుడు చాలా నగరాల్లో జరుగుతున్నాయి. పేటలో ఉండేవారే నడిపిస్తారు, డబ్బు తీసుకోరు. న్యూయార్క్‌లో 1992లో మొదలైన గ్రీటర్ల పద్ధతి కూడా అలాంటిదే, స్థానిక వాలంటీర్లు కొద్దిమందిని వెంట తీసుకుని తమ పేట చూపిస్తారు. మూడో అంతస్తు గారు అలా ఒక నడక నడిపిస్తే?

మూడో అంతస్తు
పగలంతా ఉద్యోగం చేసి వచ్చి నేను ఉచితంగా ఊరు చూపించాలా? నాకు కావలసింది ఇంట్లో నిశ్శబ్దం. ఉచితంగా చేయగలిగేది తీరిక ఉన్నవారే. పూట గడవాల్సిన దారిదీపం గారిలాంటివారు అలా చేయలేరు, నాకు అదీ న్యాయంగా అనిపించదు.

దారిదీపం గారూ, సూటిగా అడుగుతాను. మీ నడకలో ఆ అద్దెల సంగతి నిజంగా చెబుతారా, లేక చెక్కడాల దగ్గరే ఆపేస్తారా?

దారిదీపం
చెబుతాను. వినడానికి వచ్చినవారిలో కొందరు ఫోనులోకి తల దించేసుకుంటారు, ఆ రోజు టిప్పులూ తగ్గుతాయి. అయినా వదలను. ఇప్పుడు సొంతంగా నడుపుతున్నాను, ముందే ధర చెప్పి 12 మందిని మించి తీసుకోవడం లేదు. లౌడ్‌స్పీకర్ వాడను.

కానీ ఆ ఇంటి ముందు ఆగడం మాత్రం మానను. వీధి చివర కూడలిలో నిలబడి వేలు చూపిస్తే అది మా అమ్మమ్మ ఇల్లు అనిపించదు.

మూడో అంతస్తు
12 మంది, లౌడ్‌స్పీకర్ లేకుండా, పగటిపూట అయితే ఎదుటి కాలిబాట మీద నిలబడండి. మా మెట్ల మీదికి రావద్దు. చీకటి పడ్డాక అసలు వద్దు. న్యూ ఓర్లీన్స్‌లో రాత్రి 10 దాకా ఒప్పుకుంటారట, మా పేటలో నేను ఒప్పుకోను. ఈ వారం పేట సంఘం సమావేశంలో ఇదే రాసి ఇస్తున్నాను.

దారిదీపం
ఎదుటి కాలిబాటకు సరే. చీకటి విషయం సంఘంలో నేనూ వచ్చి మాట్లాడతాను. మాలాంటివారికి ఆ సమావేశంలో కుర్చీ వేస్తారా?

మూడో అంతస్తు
ఇంతవరకు బయటివారిని పిలవలేదు. అడుగుతాను.