పిటిషన్ “కొట్టివేత”, మళ్లీ వేసుకునే “స్వేచ్ఛ”: ఈ రెండు మాటలూ సరైనవేనా?

ప్రశ్న: “పిటిషన్‌ను కొట్టేసిన హైకోర్టు” అని హెడ్డింగు. లోపల చదివితే పిటిషనరే వెనక్కి తీసుకున్నాడని, మళ్లీ వేసుకునేందుకు కోర్టు స్వేచ్ఛ ఇచ్చిందని ఉంది. కొట్టేశాక మళ్లీ వేయడమేమిటండీ? ఇక్కడ “స్వేచ్ఛ” కుదురుతుందా?

జవాబు: హెడ్డింగు సగమే చెప్పిందండీ. వెనక్కి తీసుకుంటామని వకీలు చెప్పినప్పుడు ఆర్డరులో మామూలుగా పడే మాట “డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్”. తెలుగులోకి వచ్చేసరికి చివరి ముక్క రాలిపోయి ఉత్త “కొట్టివేత” మిగులుతుంది. జడ్జిగారు అంతా విని కాదన్నారని జనం అనుకుంటారు. నిజానికి కోర్టు మంచిచెడ్డల జోలికే పోలేదు. “వాపసు తీసుకున్నందున కొట్టివేత” అని పూర్తిగా రాయాలి. “ఉపసంహరణ” తప్పేమీ కాదు గానీ, కక్షిదారుల నోట వినిపించేది “కేసు వాపసు”, “విత్‌డ్రా”లే.

“స్వేచ్ఛ” మాత్రం నాకు అస్సలు నచ్చదు. అది మన ఇష్టమన్నట్టు ఉంటుంది. ఇక్కడ అడిగి, కారణం చూపి తెచ్చుకోవాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 23 రూల్ 1 చూడండి. వాది తన దావాను ఎప్పుడైనా వదులుకోవచ్చు. కోర్టు అనుమతి లేకుండా వాపసు తీసుకుంటే మాత్రం అదే విషయం మీద కొత్త దావా వేయడానికి వీల్లేదు, ఖర్చులు కూడా మీద పడొచ్చు. అనుమతి కావాలంటే దావా రూపంలోనే లోపం ఉండి నిలవదని, లేదా మరో తగిన కారణం ఉందని కోర్టును ఒప్పించాలి. దావాలో ఆస్తి వివరాలు రాసే షెడ్యూలులో సర్వే నంబరు, హద్దులు తప్పుపడి ఏ భూమో తేలకపోవడం అలాంటి లోపం. ప్రభుత్వం మీద దావా వేసే ముందు ఇవ్వాల్సిన సెక్షన్ 80 నోటీసు ఇవ్వకుండానే వేయడం ఇంకొకటి. సాక్ష్యం బలంగా లేదు, ఓడిపోయేలా ఉన్నాం అంటే చాలదు.

అందుకే “అనుమతి” అనండి. పాత తెలుగులో “సెలవు” చక్కగా అతికేది. ఇప్పుడు ఆ మాట వింటే బడి మూతే గుర్తొస్తుంది.

మరొకరు: దావాల సంగతి సరే, పేపర్లో వచ్చేవి ఎక్కువగా రిట్లు కదా సార్?

జవాబు: వాటికీ అదే సూత్రం. 1986లో సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ సర్వీస్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. రాజ్యాంగం 226 అధికరణం కింద హైకోర్టులో వేసిన రిట్‌ను అనుమతి లేకుండా వాపసు తీసుకుంటే, అదే విషయం మీద అక్కడ మళ్లీ రిట్ వేయకూడదు. సివిల్ దావా లాంటి వేరే దారులు మూసుకుపోవు. మనిషి స్వేచ్ఛకు సంబంధించిన హెబియస్ కార్పస్‌కు (అక్రమంగా నిర్బంధించిన వ్యక్తిని కోర్టు ముందు హాజరుపరచమని వేసే రిట్‌కు) ఈ అడ్డు లేదని కూడా ఆ తీర్పులోనే ఉంది. ఇంత తేడా ఒక్క మాట మీద ఉంది కాబట్టి, హెడ్డింగులో పట్టకపోతే వార్త మొదటి వాక్యంలోనైనా “కొత్తగా వేసుకునే అనుమతితో” అని ఉండి తీరాలి.

ఇంకొకరు: “హక్కు నిలుపుకొని వాపసు” అంటే అందంగా లేదూ?

జవాబు: అందంగానే ఉందమ్మా, కానీ ప్రమాదం. హక్కు నిలిచిందంటే దావా వేసే గడువు కూడా ఆగిందనుకుంటారు. ఇందాకటి ఆర్డర్ 23లోనే రూల్ 2 ప్రకారం, అనుమతితో వేసే కొత్త దావాకు గడువును పాత దావా అసలు వేయనట్టే లెక్కపెడతారు. నోటు బాకీకి 3 ఏళ్లు. రెండేళ్లు నిండాక దావా వేసి, ఏడాదిన్నర నడిపి వాపసు తీసుకుంటే, చేతిలో అనుమతి ఉన్నా గడువు దాటిపోతుంది. మొదటి కోర్టుకు విచారణ పరిధి లేకపోవడం వంటి కారణంతో అనుమతి ఇచ్చి ఉంటే, ఆ కాలాన్ని తీసేసి లెక్కించమని దావాల గడువులు చెప్పే లిమిటేషన్ చట్టం సెక్షన్ 14 కింద అడగొచ్చు. అదీ దావాను శ్రద్ధగా, మంచి నమ్మకంతో నడిపామని చూపగలిగితేనే.