చిలీ కోపిహ్వే తీగ మన వరంగల్ ఎండలకు ఆగుతదా?

హన్మకొండ మిద్దెతోట:
అందరికీ నమస్తే. మా మిద్దె మీద తూర్పు దిక్కు ఇనుప పందిరి ఉంది. ఏండ్ల తరబడి ఉండే గట్టి తీగ ఎక్కియ్యాలని చూస్తుంటే ఆన్‌లైన్‌ల కోపిహ్వే గింజలు కనబడ్డయి. ఎరుపు, తెలుపు, నీలం, మూడు రంగులున్నయట. కిందికి వేలాడే పువ్వు, రేకలు మైనం పూసినట్టు మెరుస్తున్నయి, మనసు పడ్డది. ఆర్డర్ పెట్టనా? మాకు బోరు నీళ్లే.

కాజీపేట నర్సరీ:
అక్కా, పైసలు కట్టకండి. కోపిహ్వే ఎరుపు, గులాబీ, తెలుపు రంగులల్లనే పూస్తది. నీలం అని రాసినోని మిగతా మాటలు కూడా నమ్మొద్దు. గింజను పండు గుజ్జులకెల్లి తీసి తడి ఆరకముందే నాటాలె, ఎండితే మొలిచే శక్తి పోతది. మొలిచినా పువ్వు చూడాలంటే ఏండ్లు పడ్తది.

అసలు ముచ్చట వాతావరణం. అది దక్షిణ చిలీల చల్లటి వానల అడవి తీగ. అక్కడి వల్దీవియాల ఏడాదికి 2,000 మి.మీ. అటూఇటూ వాన. జనవరి వాళ్లకు ఎండకాలం, అప్పుడు కూడా పగలు 23, 24 డిగ్రీలే. చెట్ల నీడకు, ఆకులు మురిగిన మట్టిల వేరు చల్లగ పెట్టుకొని, కొమ్మలను చుట్టుకుంట 10 మీటర్ల దాకా పోతది. హమ్మింగ్ పిట్టలు తేనెకొచ్చి పుప్పొడి మోస్తయి. అక్కడి మూలవాసులు మపూచే వాళ్లు పండ్లు తింటరు. 1977ల చిలీ దాన్ని జాతీయ పుష్పం చేసింది. అంత మంచి మొక్కను మే నెల 44 డిగ్రీలల్ల మిద్దె మీద పెడితే పాణం ఉసురుమంటది. షేడ్‌నెట్ నీడనిస్తది గానీ రాత్రి వేడిని ఆపదు.

నీళ్ల సంగతి మీరే చూడండి. పాత కుండీ అంచు గోరుతో గీకితే తెల్లటి పొర రాలుతది, అది బోరు నీళ్ల సున్నం. కోపిహ్వేకు పుల్లటి మట్టి కావాలె. అసొంటి మొక్కలకు ఈ నీళ్లు పోస్తే కొత్తాకు పసుపెక్కి ఈనెలు మాత్రం పచ్చగ మిగుల్తయి. మా నర్సరీల గార్డెనియాకు ఇదే బాధ.

ఓరుగల్లు బిడ్డ, శాన్‌ఫ్రాన్సిస్కో:
అన్న చెప్పింది నిజం. ఇక్కడ సముద్రం గాలికి, పొగమంచుకు ఎండకాలం కూడా చల్లగనే ఉంటది, అందుకే కోపిహ్వే బతుకుతది. నీడ పట్టునే పెడ్తరు.

హన్మకొండ మిద్దెతోట:
గీకి చూసిన, పొర మస్తుగ ఉంది. అయితే ఆ పందిరికి ఏం పెట్టాలె? మన అడవి తీగ మోదుగ నడుస్తదా?

కాజీపేట నర్సరీ:
తీగ మోదుగ ఎర్రగ మంచిగ పూస్తది, కానీ పెద్ద చెట్ల మీదికి పాకే మాను అది. మిద్దె పందిరి ఓపదు, పొలం గట్టుకు అయితే పెట్టుకోండి. మీకు రాధామనోహరం సరిపోతది. సాయంత్రం తెల్లగ విచ్చుకుంటది, తర్వాత గులాబీ, ఆఖరుకు ఎరుపు, ఒక్క గుత్తిలనే మూడు రంగులు కనబడ్తయి. రాత్రి వాసన వస్తది. ఆకు రాలినా తొడిమె ముల్లు లెక్క మిగిలి పందిరిని పట్టుకుంటది, మీరు కత్తిరించేటప్పుడు చేతులు జాగ్రత్త. సగం కోసిన డ్రమ్ముల, అడుగున బొక్కలు పెట్టి, మిరుగం వానలు పడ్డంక నాటండి. పూత అయిపోంగనే కొమ్మలు కొట్టెయ్యాలె, లేకుంటే పక్కింటి మిద్దె దాకా పోతది.