శృంగార కథలకి స్క్రీన్‌ప్లే: ప్యాట్రీషియా నాప్ దారి మనకి పనికొస్తుందా?

నాగావళి:
అందరికీ నమస్కారం. మాది శ్రీకాకుళం. ఆడమనిషి కోరిక చుట్టూ తిరిగే కథల్ని అరగంట ఎపిసోడ్లుగా ఓటీటీకి రాస్తున్నాను. బూతు కాదు. అమెరికా స్క్రీన్‌ప్లే రచయిత్రి ప్యాట్రీషియా లూయిజియానా నాప్ ఈ రకం రాతతోనే అన్నాళ్ళు ఎలా నిలబడింది? పడకసీను స్క్రిప్టులో ఎంతవరకు రాయాలి? మారుపేరుతో రాయొచ్చా?

బొంకులదిబ్బ:
ఈ రకంతోనే నిలబడింది అన్నది సగమే నిజం నాగావళి గారూ. 1979లో జాక్ డెమీ తీసిన ‘లేడీ ఆస్కార్’కి ఆయనతో కలిసి రాసింది ఆవిడే. అది ఫ్రెంచి విప్లవం నాటి కథ. శృంగారం ముద్ర 1986లో ‘నైన్ అండ్ ఎ హాఫ్ వీక్స్’తో పడింది. అందులోనూ స్క్రీన్‌ప్లే కార్డు మీద మూడు పేర్లున్నాయి: సారా కెర్నోకన్, నాప్ భర్త జాల్మన్ కింగ్, నాప్. అమెరికా హాళ్ళలో తన్నేసిన ఆ సినిమా బయటి దేశాల్లోను, వీడియో క్యాసెట్లలోను ఆడింది. 1992లో షోటైమ్ కేబుల్ చానెల్‌కి మొగుడూ పెళ్ళాం కలిసి ‘రెడ్ షూ డైరీస్’ అనే టీవీ సినిమా రాశారు. అదే సీరీస్ అయి 1997 దాకా సాగింది.

మీరు చూడాల్సింది దాని చట్రం. ప్రియురాలు పోయిన ఒకతను పేపర్లో ప్రకటన ఇస్తాడు, ఆడవాళ్ళు తమ డైరీలు పంపుతారు, ఎపిసోడ్‌కి ఒకటి చదువుతాడు. దాంతో ప్రతిసారీ కొత్త నటులు, కొత్త చోటు. కథ ఆమె గొంతులోనే నడుస్తుంది. కెమెరా చూపించక్కర్లేని దాన్ని వాయిస్ ఓవర్ మోస్తుంది. విడి కథలు పట్టుకుని తిరక్కండి. ముందు ఇలాంటి చట్రం ఒక పేజీ, దాని కింద ఎనిమిది ఎపిసోడ్ల వన్‌లైన్ (క్లుప్తంగా కథ) పెట్టండి. ముట్టుకోకుండా మాటతో ఎంత వేడి పుట్టించొచ్చో తెలియాలంటే మన విజయనగరం మధురవాణి ఉండనే ఉంది.

ఎడిట్‌టేబుల్:
‘ఇద్దరూ ఒకటయ్యారు’ అని ఒక్క లైను రాసి వదిలీకండి. సెట్లో ఆ ఖాళీని ఎవరికి తోచినట్టు వాళ్ళు పూరిస్తారు, బరువు నటి మీద పడుతుంది. ముందుగా చెయ్యి చాచింది ఎవరు, ఎక్కడ తాకారు, ఒంటి మీద ఏ బట్ట ఉంది, మధ్యలో ఎవరి మనసు మారింది, ఏ ఫ్రేము మీద కట్ అవుతుంది, ఈ అయిదూ ఉండాలి. పేజీకి నిమిషం లెక్కన 28–30 పేజీల స్క్రిప్టులో ఈ సీను పేజీన్నర దాటితే కథ ఆగిపోతుంది. ఇంటిమసీ కోఆర్డినేటర్ (పడకసీన్లలో నటుల హద్దులు చూసుకునే మనిషి) ఉన్న యూనిట్ అయితే ఆ వివరాలు విడి కాగితం మీద కూడా అడుగుతారు, ఎందుకంటే నటి ఒప్పుకోలు పత్రం దాన్నిబట్టే తయారవుతుంది.

ఇంకోటి. రేపు సినిమాకి రాస్తే, ‘ఎ’ సర్టిఫికెట్ సినిమా టీవీలో వెయ్యకూడదు, కోసి యూఏ తెచ్చుకోవాలి. హంతకుడి పేరో, ఆస్తి గుట్టో పడక మీద మాటల్లో పెట్టారనుకోండి, టీవీ కాపీలో కథ కుంటుతుంది.

బొంకులదిబ్బ:
ఎడిట్‌టేబుల్ గారూ, తీసేసినా కథ నడిచే సీను అసలెందుకు?

ఎడిట్‌టేబుల్:
కథకి కావాల్సిన సమాచారం బయట పెట్టమన్నాను, మార్పు లోపలే ఉంటుంది. రాత్రి ‘మీరు’ అన్న మనిషి పొద్దున కాఫీ ఇస్తూ ‘నువ్వు’ అంటే చాలు. రాత్రి సీను కోసినా ఏటి జరిగిందో తెలుస్తుంది.

గంటస్తంభం:
చెల్లెమ్మా, కాగితాల సంగతి. ఉత్త ఐడియాకి కాపీరైట్ లేదు, 1978లో ఆర్.జి.ఆనంద్ కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. కాబట్టి సీన్లతో సహా రాసిన ట్రీట్‌మెంటునే కాపీరైట్ ఆఫీసులో సాహిత్య రచనగా రిజిస్టర్ చెయ్యండి. ఫీజు 500, పని ఆన్‌లైన్లోనే. డైరీ నంబరు (దరఖాస్తు నంబరు) వచ్చాక అభ్యంతరాల కోసం 30 రోజులు ఆగుతారు. నిర్మాతకి నేరేషన్ ఇచ్చిన (కథ వినిపించిన) రోజే వన్‌లైన్ మెయిల్లో పంపీండి, తేదీ మిగులుతుంది.

అగ్రిమెంటులో ఎన్నాళ్ళకో రాయకపోతే హక్కు 5 ఏళ్ళకే, ఎక్కడికో రాయకపోతే ఇండియా వరకే. అందుకే నిర్మాతలు ‘శాశ్వతంగా, ప్రపంచమంతటా’ అని ఇరికిస్తారు, చూసి కొట్టేయించండి. హాల్లో ఆట తప్ప మిగతా వాడకాల మీద రాయల్టీ వాటా 2012 సవరణ ఇచ్చింది, వదులుకున్నట్టు సంతకం పెట్టించినా చెల్లదు. ఆఖరి వాయిదా డబ్బు ఫైనల్ డ్రాఫ్ట్ ఇచ్చిన రోజుకి ముడిపెట్టండి. ‘షూటింగ్ మొదలయ్యాక’ అని ఉంటే అది వచ్చే డబ్బు కాదు.

మారుపేరు పెట్టుకోవచ్చు. ఆ 1986 సినిమాకి మూలమైన 1978 పుస్తకమే మారుపేరుతో వచ్చింది, అసలు రచయిత్రి ఇంగెబోర్గ్ డే. అగ్రిమెంటులో, పాన్‌లో అసలు పేరు, తెర మీద ఏ పేరు వెయ్యాలో విడి క్లాజు. టీడీఎస్ (ముందే పట్టుకునే పన్ను) 10 శాతం అసలు పేరు మీదే కోస్తారు.

‘ఎపిసోడ్‌కి ఇన్ని పడకసీన్లు’ అని లెక్కగట్టే చిన్న యాప్‌ల జోలికి పోకండి. 2024 మార్చిలో కేంద్రం అలాంటి 18 ఓటీటీల్ని మూయించింది. సమాచార సాంకేతిక (ఐటీ) చట్టం 67ఎ కింద మొదటిసారికే 5 ఏళ్ళ దాకా జైలు.

నాగావళి:
దండాలండీ. హైదరాబాద్ మకాం మార్చాలా మరి?

బొంకులదిబ్బ:
ఇప్పుడే వద్దు. వన్‌లైన్, ట్రీట్‌మెంట్ వీడియో కాల్లోనే వింటారు. డైలాగ్ వెర్షన్‌కి అడ్వాన్సు పడ్డాక ఆమదాలవలసలో రైలెక్కండి.