రెగీనా లిన్నన్‌హైమో: తూలియో మెలోడ్రామాలు ఆమెను నిలబెట్టాయా, కట్టిపడేశాయా?

చర్చ ప్రారంభించిన సభ్యురాలు

ఫిన్లాండ్ తొలితరం టాకీల నటి రెగీనా లిన్నన్‌హైమో (1915–1995) పెద్ద స్టూడియోల్లో అందాల నాయికగా వెలుగుతూ, దర్శకుడు తెవువో తూలియో చేతిలో పడి ఏడుపుల కథలకే పరిమితమైపోయిందన్న మాటతో నేను చాలావరకు ఏకీభవిస్తాను. 1941లో టి. జె. సార్కా తీసిన ‘కైవోపుయిస్తోన్ కౌనిస్ రెగీనా’లో కథానాయిక పేరు కూడా ఆమె పేరే; ఒక నటికి ఉన్న గిరాకీకి అంతకంటే గుర్తు ఏం కావాలి? 1945లో వలెంతిన్ వాలా తీసిన ‘లిన్నైస్తెన్ విహ్రెయా కమరి’లోనూ ఆమెది నిగ్రహమున్న నటన. 1946 తర్వాత మాత్రం ఆమె ప్రధానంగా తూలియో చిత్రాల్లోనే కనిపించింది. 1956లో, నలభై ఒకటో ఏట, తెర నుంచి తప్పుకుంది. ఇది నష్టం కాదా?

మొదటి జవాబు

‘చేతిలో పడి’ అన్న మాట దగ్గరే నాకు పేచీ ఉంది. తూలియో దర్శకుడిగా తీసిన మొదటి చిత్రం, ఫిన్నిష్ రచయిత లిన్నన్‌కోస్కి రచన ఆధారంగా 1936లో వచ్చిన ‘తైస్తెలు హెయిక్కిలన్ తలోస్త’. అందులోనూ, మరుసటి ఏడాది మరో ఫిన్నిష్ రచయిత సిల్లన్‌పా నవల ఆధారంగా వచ్చిన ‘నుఒరెన నుక్కునుత్’లోనూ నటించింది రెగీనాయే. అంటే వారిద్దరూ కలిసే మొదలుపెట్టారు, స్టూడియోల దశ మధ్యలో వచ్చింది. ఆ రెండు చిత్రాలూ 1959లో హెల్సింకిలో జరిగిన ఆదమ్స్ ఫిల్మి అనే సినిమా సంస్థ అగ్నిప్రమాదంలో బూడిదయ్యాయి కనుక, మనం ఆమె ప్రయాణాన్ని మధ్యనుంచి చదివి, అదే ఆరంభమనుకుంటున్నాం. పైగా తూలియో చిత్రాల్లో కొన్నింటికి ఆమె రచనలోనూ పాలుపంచుకుంది. తన పాత్రను తానే రాసుకున్న మనిషిని బలిపశువుగా చూపడం న్యాయం కాదు.

రెండో జవాబు

రచనలో చేయి ఉన్నంత మాత్రాన రాసిన దానిలోని లోపం పోదు. ‘రక్కౌదెన్ రిస్తి’లో దీపస్తంభం కాపలాదారు కూతురు నగరానికి వెళ్లి పతనమవుతుంది, ‘ఒలెత్ మెన్నుత్ మినున్ వెరేని’లో మద్యానికి లొంగిన స్త్రీ. కథలు మారినా పడిపోయిన స్త్రీ మాత్రం మారదు. పుష్కిన్ కథ నుంచి తీసుకున్న ‘రక్కౌదెన్ రిస్తి’ ఇతివృత్తాన్నే తూలియో ముసలితనంలో మళ్లీ ‘సెన్సుయెలా’గా తీశాడు, అంత పునరుక్తి మరే దర్శకుడిలోనూ నేను చూడలేదు. ఆ వలయంలో నటి ఎంత ప్రతిభావంతురాలైతే ఏం?

మూడో జవాబు

ఇతివృత్తం ఒకటే కావచ్చు, అందులో ఆమె చేసిన పనిని మాత్రం మీరు చూడడం లేదు. ‘లెవొతొన్ వెరి’ (1946) తీసుకోండి. చూపు పోగొట్టుకున్న స్త్రీకి చూపు తిరిగొస్తుంది. ఆమె ఆ సంగతి దాచి, నల్లకళ్లద్దాల వెనక నుంచి భర్తను గమనిస్తుంది. కళ్లు కనిపించకుండా, చూస్తున్నట్టు తెలియకుండా, ప్రేక్షకుడికి మాత్రం తెలిసేలా నటించాలి. మూకీల నాటి ముఖభాష ఇంకా పూర్తిగా చావని రోజుల్లో, ముఖంలో సగాన్ని మూసుకుని చేసిన నటన అది! ఈ చిత్రాలకు స్వీడిష్ రూపాలు కూడా తీసేవారు గనుక, ‘లెవొతొన్ వెరి’లోని ఏడుపును ఆమె రెండు భాషల్లో, రెండుసార్లు ఏడ్చింది. దాన్ని అతి అనే ముందు ఆ శ్రమను గుర్తించాలి.

(తూలియో చివరి దశాబ్దాల్లో తన చిత్రాల ప్రదర్శనకే ఒప్పుకునేవాడు కాదు. చూడని సినిమాలపై స్థిరపడ్డ అభిప్రాయాలను కాస్త అనుమానించడం మంచిదేమో.)

చర్చ ప్రారంభించిన సభ్యురాలు

మొదటి జవాబులోని కాలక్రమం నా ప్రశ్నను సరిదిద్దింది. ‘చేతిలో పడి’ అన్న మాటను వెనక్కి తీసుకుంటున్నాను. కళ్లద్దాల దృశ్యం గొప్పదని నేనూ ఒప్పుకుంటాను. అయినా ఒక సందేహం మిగిలింది. అంత సూక్ష్మంగా నటించగలిగిన ఆమెకు 1945 తర్వాత వాలా వంటి దర్శకుడు మరో రెండు మూడు పాత్రలు ఇచ్చి ఉంటే మనం ఈ వాదనే చేసేవాళ్లం కాదు కదా?

మొదటి జవాబు రాసిన సభ్యుడు

చేసేవాళ్లం కాదు. కాని అప్పుడు ఆమె రాసిన పాత్రలూ ఉండేవి కావు. వాలా కోసం ఆమె నటించింది మాత్రమే. తూలియో దగ్గర రాసింది కూడా.