టెక్సస్‌లో రియల్ ఎస్టేట్ లైసెన్స్: రిఫరల్ బ్రోకర్ కిందికి మారితే ఖర్చు నిజంగా తగ్గుతుందా?

డాలస్ పక్కన ఉంటాం. ఉద్యోగం చేస్తూనే పోయిన ఏడాది మార్చిలో లైసెన్స్ తీసుకున్నాను. 180 గంటల కోర్సులు, పరీక్ష ఫీజు, వేలిముద్రలు, దరఖాస్తు అన్నీ కలిపి దాదాపు 850 డాలర్లు అయ్యాయి, అది తెలిసే దిగాను. కానీ ఆ తర్వాతి ఖర్చే తట్టుకోలేకపోతున్నాను. రియల్టర్ల అసోసియేషన్ సభ్యత్వం, ఎమ్ఎల్ఎస్ (అమ్మకానికున్న ఇళ్ల ఉమ్మడి జాబితా), లాక్‌బాక్స్ యాప్ (ఇల్లు చూపించేటప్పుడు తాళంచెవి పెట్టె తెరిచేది) కలిపి ఏడాదికి 1,400 డాలర్ల దాకా, నేను ఎవరి కింద పనిచేస్తున్నానో ఆ బ్రోకర్‌కి నెలకు 75 వేరే. ఇప్పటిదాకా అమ్మింది ఒక్క ఇల్లు. వచ్చే మార్చిలో మొదటి రెన్యువల్, దానికి ఇంకో 90 గంటల కోర్సులు, 8 గంటల లీగల్ అప్‌డేట్ కూడా పూర్తి చేయాలి, తలుచుకుంటేనే టెన్షన్.

నెలవారీ ఫీజు తగ్గించమని మా బ్రోకర్‌ని అడిగాను, కుదరదన్నారు. లైసెన్స్ ఇనాక్టివ్ పెడదామంటే రిఫరల్ కమిషన్ (క్లయింట్‌ని ఇంకో ఏజెంట్‌కి పంపినందుకు వచ్చేది) కూడా తీసుకోలేను. రిఫరల్ పనే చేసే ఇద్దరు బ్రోకర్లకు ఫోన్ చేశాను, సభ్యత్వం అక్కర్లేదని ఒకరు, పాత బకాయి కట్టాకే మారాలని ఇంకొకరు చెప్పారు. కష్టపడి తెచ్చుకున్న లైసెన్స్, వదులుకోవాలని లేదు.

టెక్సస్‌లో ఇలా ఏడాది మధ్యలో రిఫరల్ బ్రోకర్ కిందికి మారినవాళ్లు ఉంటే చెప్పండి, మారాక ఏడాదికి మీకు మొత్తం ఎంత ఖర్చవుతోంది?