సమస్య: తల తెగిన వాని మెడలోన దండ పడెను

నిర్వహణ:
రాత్రి నిద్ర పట్టక దొర్లుతుంటే ఈ పాదం దానంతట అదే వచ్చి కూర్చుంది. పూరణ మాత్రం ఆంగ్ల నాటక రచయిత రాబర్ట్ బోల్ట్ చుట్టూ తిరగాలి. మాంచెస్టర్ పక్కన సేల్‌లో 1924లో పుట్టి, బడిపంతులుగా ఉంటూ రేడియోకు నాటికలు రాసి, 1957లో 'ఫ్లవరింగ్ చెర్రీ'తో లండన్ రంగస్థలం ఎక్కి, ఆపైన దర్శకుడు డేవిడ్ లీన్ సినిమాలకు ('లారెన్స్ ఆఫ్ అరేబియా', 'డాక్టర్ జివాగో') రచయిత అయినవాడు. కబంధుణ్ణి, కేతువును, ఛిన్నమస్తను తెస్తే తీసివేస్తాను.

ఏటిగట్టు:
రాజు పెండ్లికి తలయూపరాక మోరు
కత్తివాదర కొగ్గెను, కథను పట్టి
బోల్టు వ్రాయగ తెరమీద పొంగె కీర్తి;
తల తెగిన వాని మెడలోన దండ పడెను.

పాతచింతకాయ:
'తలయూపరాక' బాగుంది, తల ఊపనందుకే తల పోయింది. కానీ 1535లో లండన్ టవర్ హిల్ మీద, ఎనిమిదో హెన్రీ రాజు రెండో పెళ్లిని ఒప్పుకోని ఒకప్పటి మంత్రి థామస్ మోర్ మెడ మీద పడింది గొడ్డలి. కత్తి మరుసటి ఏడు, ఆ పెళ్లికూతురు ఆన్ బొలీన్‌కు. దానికోసం సముద్రం అవతలి నుంచి మనిషిని రప్పించారు.

ఏటిగట్టు:
'గొడ్డలి'తో మొదలుపెడితే 'కథ' యతికి నిలవదు గురువుగారూ, ఏం చేయమంటారు?

గణగణ:
ఇసుక లారెన్సు తెరకెక్కె నెడద మురియ,
జివగొ మంచున దొరికెను జిగిపసిండి,
మోరు వెనువెంట రెండవ మురిపెమయ్యె;
తల తెగిన వాని మెడలోన దండ పడెను.

లఘువు:
ఇది పద్యమా, గోడమీద సినిమా పోస్టరా? బోల్ట్‌కు తొలి ఆస్కార్ తెచ్చిన జివాగోకు రెండు దీర్ఘాలూ కోసి చేతిలో పెట్టారు. ఉగాదినాడు వీరే విభీషణుణ్ణి 'విభిషణు' చేశారు. నేను మరిచిపోలేదు.

గణగణ:
ఉగాది సంగతి ఇప్పుడెందుకు? ఆ రోజు మీ పద్యంలో అఖండయతి (సంధి జరిగిన అక్షరాన్ని విడదీయకుండా వేసే యతి) కనిపించినా నేను నోరు మెదపలేదు.

నిర్వహణ:
అఖండయతి గొడవ ఇక్కడ వద్దు. గత ఏడాది పద్దెనిమిది రోజులు నడిచింది, భారతయుద్ధంలా.

లఘువు:
వ్రాలు సేయని మోరును వ్రాసి, తాను
చెరను వీడగ చేవ్రాలు చేసెనంట;
తలను నిలిపిన వానికి తలయె బరువు;
తల తెగిన వాని మెడలోన దండ పడెను.

1961లో అణ్వస్త్రాలకు వ్యతిరేకంగా జరిగిన నిరసన విషయంలో తత్వవేత్త బెర్ట్రండ్ రసెల్‌తో పాటు బోల్ట్‌నూ జైల్లో పెట్టారు. బుద్ధిగా ఉంటానని హామీ ఇస్తే వదిలేస్తామన్నారు, ఇవ్వనన్నాడు. అక్కడ 'లారెన్స్' స్క్రిప్టు సగంలో ఆగి ఉంది. నిర్మాత శామ్ స్పీగెల్ వెంటపడి నచ్చజెప్పితే సంతకం పెట్టి బయటికి వచ్చాడు. ముందటి ఏడే మోర్ నాటకంతో లండన్ చేత చప్పట్లు కొట్టించుకున్న మనిషి! ఆ సంతకం ఆయనను చాలాకాలం తొలిచింది.

పాతచింతకాయ:
మూడో పాదం దగ్గర ఆగిపోయాను. లఘువు గారి పద్యాలు ఇన్నేళ్లుగా చదువుతున్నాను, ఆగిపోవడం ఇదే మొదటిసారి. పొగడ్తగానే తీసుకోండి. కానీ 'చేసెనంట' ఏమిటి? 'అట' అంటే మాత్ర చాలదని సున్న చుట్టారు. 'చేసినాడు' అంటే హాయిగా సరిపోయేది. ఇంకొకటి, మోర్ కాదన్నది రాజు చేయమన్న ప్రమాణం, సంతకం కాదు.

లఘువు:
1530లో రాజు పెళ్లి రద్దు కోసం ప్రభువులంతా కలిసి పోప్‌కు పంపిన లేఖ మీద మోర్ చేవ్రాలు లేదు. చూసుకోండి. 'అంట' కావాలనే వాడాను.

పాతచింతకాయ:
లేఖ మాట ఒప్పుకున్నాను. 'కావాలనే' అని గణగణ గారు విభీషణుడికీ చెప్పారు. సరే, నాదీ ఒకటి:

తలను నరికిన సామాన్యు తలను తానె
తెరకు మార్చుచు కవి కోసె, తీరు మెచ్చి
యారు బొమ్మల నిచ్చెను హాలివుడ్డు;
తల తెగిన వాని మెడలోన దండ పడెను.

మోర్ మీద బోల్ట్ రాసిన 'ఎ మ్యాన్ ఫర్ ఆల్ సీజన్స్' నాటకంలో 'కామన్ మ్యాన్' అని ఒకడున్నాడు. నౌకరు, పడవవాడు, జైలరు, చివరికి తలారి, అన్ని వేషాలూ వాడివే. సినిమాకు రాసేటప్పుడు బోల్ట్ ఆ పాత్రనే మొదలంటా తీసేశాడు. మోర్ తల తీసినవాడి తల రచయితే తీశాడు. 1966 చిత్రానికి ఆరు ఆస్కార్లు వచ్చాయి, ఒకటి ఆయనదే.

గణగణ:
ఆరు బొమ్మలు లెక్కపెడితే అది పోస్టరు కాదా?

ఏటిగట్టు:
హాలివుడ్డును 'యా'కు కట్టేశారే! నేను గొడ్డలి దగ్గరే ఉండిపోయాను.

నిర్వహణ:
1979లో పక్షవాతం వచ్చి మాట పడిపోయిన మనిషి పేరు, 1986లో కాన్ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి గెలిచిన 'ది మిషన్' సినిమా మీద కనిపించింది. దాన్ని ఎవరూ ముట్టుకోలేదే?

లఘువు:
నేను ముట్టుకుంటాను. ముందు నా రెండో పాదంలో 'చేసినాడు' అని దిద్దండి.

పాతచింతకాయ:
దిద్దించుకున్నారంట!