అప్‌డేట్: అగస్టీన్ 198వ ప్రసంగం ఒకచోట పొట్టిగా, మరోచోట పొడుగ్గా ఎందుకుంది?

ప్రాచీన క్రైస్తవ బిషప్పు అగస్టీన్ జనవరి 1న చేసిన 198వ ప్రసంగం పాత లాటిన్ ముద్రణలో చిన్నదిగా ఉండగా, ఇటీవలి వ్యాసాలు దాన్నే సుదీర్ఘ ప్రసంగంగా ఎందుకు ఉదహరిస్తున్నాయని అడిగాను. జవాబిచ్చినవారికి కృతజ్ఞతలు. ఈ ప్రసంగానికే మరో పేరైన ‘డోల్బో 26’తో వెతకమన్న సలహాయే పనిచేసింది. ఫ్రెంచి పండితుడు ఫ్రాన్స్వా డోల్బో 1990లో జర్మనీలోని మైన్జ్ నగర గ్రంథాలయంలో, 15వ శతాబ్దపు రాతప్రతిలో గుర్తించిన 26 ప్రసంగాల్లో దీని పూర్తి పాఠం ఉందనీ, పాత ముద్రణలోది అందులో కొంత భాగమేననీ మా చర్చి చరిత్ర అధ్యాపకులు రెండు పాఠాలనూ పక్కపక్కన పెట్టి చూపించారు. అన్యమతస్థులు కొత్త సంవత్సరం కానుకలిచ్చుకుంటే మీరు భిక్ష వేయండి, వాళ్ళు తాగితే మీరు ఉపవాసముండండి అనే భాగం రెండింటిలోనూ ఉంది. విగ్రహారాధకులతో సాగే సుదీర్ఘ వాదమే, నా దృష్టిలో అసలు విలువైనది, పొట్టి పాఠంలో లేదు. కాబట్టి స్కానింగులో పుటలు జారిపోవడం వల్లే పాత పాఠం పొట్టిగా ఉందన్న అనుమానం సరికాదు. ఆ మైన్జ్ రాతప్రతిలోని వరుస సంఖ్యను బట్టి కొందరు ఈ ప్రసంగాన్నే ‘మైన్జ్ 62’ అని పేర్కొంటారు.